రెండు పూటలు తక్కువ

మా కాలేజీ వరండా గోడకి ఒక చిన్న యంత్రం బిగించి ఉంది. పిల్లలు పొద్దున్నే వచ్చి హాజరు కోసం దాని మీద వేలు పెట్టాలి. వేలు నచ్చితే పచ్చలైటు వెలిగి "థాంక్యూ" అంటుంది, నచ్చకపోతే ఎర్రలైటు వెలిగి "ప్లీజ్ ట్రై ఎగైన్" అంటుంది. రామచంద్రపురం చుట్టుపక్కల నుంచి మా దగ్గరికి వచ్చే పిల్లల్లో సగం మంది నాట్ల రోజుల్లో పొలంలో దిగేవాళ్ళే. బురదలో నాని, నారుకట్టలు లాగి అరిగిపోయిన వేళ్ళు ఆ యంత్రానికి అస్సలు నచ్చవు. మొన్న ఇంటర్ రెండో సంవత్సరం అమ్మాయి ఒకతె వేలు చున్నీకి తుడుచుకోవడం, పెట్టడం, మళ్ళీ తుడుచుకోవడం, మళ్ళీ పెట్టడం. యంత్రం ఆ ఎర్రలైటు మాటే అంటూ ఉంది. నా గదిలో కూర్చుని పదకొండుసార్లు లెక్కపెట్టాను. పన్నెండోసారికి ఓపిక నశించి, లేచి వెళ్ళి, ఆ పిల్లని క్లాసుకి పొమ్మన్నాను. పిల్ల ఎదురుగా నిలబడి ఉంటే యంత్రం లేదంటోంది. ఆ గొంతులో కోపం లేదు, జాలి లేదు, తొందర లేదు. ఆ గొంతు నాకు బాగా తెలుసు. పాతికేళ్ళ క్రితం నరసాపురంలో నాకు డిగ్రీలో లెక్కలు చెప్పిన వెంకటరత్నం గారిది అచ్చంగా అదే గొంతు.

ఆయన్ని మేమంతా రత్నం మాస్టారు అనేవాళ్ళం. పెనుగొండలో వ్యాపారస్తుల కుటుంబం వాళ్ళది. అన్నదమ్ములందరూ బట్టల కొట్లలో కూర్చుంటే ఈయన ఒక్కరే చదువు వైపు వచ్చారు. కొట్టు వదిలారు గానీ కొట్టు అలవాట్లు వదల్లేదు. వేళ అంటే వేళే. తొమ్మిదిన్నరకి ప్యూను గంట కొట్టి సుత్తి కింద పెట్టేలోగా ఈయన రిజిస్టరు తెరిచి హాజరు పిలవడం మొదలుపెట్టేసేవారు. అయిదు నిమిషాల్లో పిలవడం అయిపోయేది, రిజిస్టరు మూసి బల్ల సొరుగులో పెట్టేసేవారు. ఆ తర్వాత దేవుడే వచ్చి గుమ్మంలో నిలబడ్డా ఆ రిజిస్టరు మళ్ళీ తెరుచుకోదు. సన్నగా, పొడుగ్గా, ఇస్త్రీ చొక్కాలో ఎప్పుడూ ఒకేలా కనిపించే మనిషి. పాఠం మాత్రం అద్భుతంగా చెప్పేవారు. ఆ మాట ముందే చెప్పేస్తే మంచిది, ఎందుకంటే ఇక్కడి నుంచి నేను ఆయన్ని తిట్టుకోవడమే ఎక్కువ ఉంటుంది.

మాది గోదావరికి అవతలి ఒడ్డు. సఖినేటిపల్లి రేవు నుంచి నరసాపురం రేవుకి పంటు మీద దాటాలి. రెండు పడవలు జతచేసి పైన పలకలు పరిచి, మనుషుల్నీ సైకిళ్ళనీ కొబ్బరికాయల బస్తాలనీ ఒక్కసారే దాటించేదే పంటు. మా ఊరి నుంచి రేవుకి మొదటి బస్సు ఎనిమిదిన్నరకి వచ్చేది. ఆ బస్సు దిగినవాళ్ళం పంటు ఎక్కి, అది కదిలి, ఆటుపోట్లు చూసుకుని, చలికాలమైతే మంచు విడిచేదాకా ఆగి, ఇవతల ఒడ్డున దిగి కాలేజీకి పరుగెత్తేసరికి తొమ్మిదీ నలభై అయ్యేది. ఒక్కోరోజు పది. అవతలి నుంచి అలా వచ్చేవాళ్ళం మా సెక్షన్లో ఏడుగురం. ఆరుగురు అబ్బాయిలు, నేను. గుమ్మంలో నిలబడితే మాస్టారు చేతి గడియారం చూసుకునేవారు, బల్ల మీదున్న ఎర్ర అట్ట పొడుగు పుస్తకంలో ఏదో రాసుకునేవారు, కూర్చోమన్నట్టు తలాడించేవారు. తిట్టేవారు కాదు. మేము తప్పిన లెక్కని మధ్యాహ్నం ఖాళీలో మళ్ళీ చెప్పేవారు కూడా. ఇంత మంచి మాస్టారు ఉంటారా అనుకునేవాళ్ళం, పిచ్చివాళ్ళం.

మాకు తెలియనిదేంటంటే, మా కాలేజీలో హాజరు పీరియడుకొకసారి వేసేవారు కాదు. పొద్దుటి పూటకొకటి, మధ్యాహ్నం పూటకొకటి, అంతే. మొదటి పీరియడులో ఏది పడితే అదే ఆ పూటంతటికీ. యూనివర్సిటీ నిబంధనల్లో అలా ఎక్కడా లేదు, ఎవరో ఎప్పుడో పని తగ్గించుకోవడానికి మొదలుపెట్టారు, అది అలవాటైపోయింది. మా మొదటి పీరియడు మూడేళ్ళూ రత్నం మాస్టారిదే. అంటే పది నిమిషాలు ఆలస్యంగా వచ్చి, ఆ పూట నాలుగు పీరియడ్లూ బుద్ధిగా కూర్చున్నా, కాగితం మీద మేము ఆ పూట అసలు లేము. మొదటి రెండేళ్ళూ ఎవరూ పట్టించుకోలేదు. మూడో ఏడు యూనివర్సిటీ వాళ్ళు డెబ్బై అయిదు శాతం లేనివాళ్ళకి హాల్ టికెట్ ఇవ్వొద్దని గట్టిగా రాశారు. ఫిబ్రవరిలో నోటీసు బోర్డు మీద పరీక్షకి అర్హత లేనివాళ్ళ జాబితా పెట్టారు. ఏడు పేర్లు. ఏడుగురమూ పంటువాళ్ళమే.

నాకు ఆ జాబితా అంటే ఏంటో ఇంట్లో వాళ్ళకి చెప్పడానికే రెండు రోజులు పట్టింది. నాన్న వరి, కొబ్బరి చేసుకునే మనిషి. కాలేజీకి వెళ్తున్నానని రోజూ వెళ్ళిన పిల్ల కాలేజీకి రాలేదని కాలేజీ వాళ్ళే ఎలా అంటారో ఆయనకి అర్థం కాలేదు, ఆయన తప్పు కాదు. ఆయనకి అర్థమైంది ఒక్కటే. "ఏడాది పోతే ఇంక చాల్లేమ్మా. మీ అమ్మ దగ్గర కూకుని లేసు అల్లుకో" అన్నారు. మా వైపు ఆడవాళ్ళందరికీ లేసు అల్లిక వచ్చు. అమ్మ పొద్దంతా సూది పట్టుకునే ఉండేది, ఆమె కళ్ళు అప్పటికే మందగించాయి. బీఎడ్ చేసి టీచరు కావాలని నేను పదో తరగతి నుంచీ అనుకుంటున్నాను. ఆ ఒక్క ఏడాది దాటితే బయటపడతాను, దాటకపోతే లేసు సూది. నా ముందున్నది అంతే.

మాలో కాస్త తెలివైనవాడు శ్రీను. ప్రిన్సిపాల్ దగ్గరికి వెళ్ళి బతిమాలితే ఆయన నిబంధన నిబంధనే అన్నారట. అనారోగ్యమైతే కొంత సడలింపు ఉందన్నారట. శ్రీను ఇక ఆలస్యం చెయ్యలేదు, మూడో రోజుకి ఏడుగురికీ డాక్టరు సర్టిఫికెట్లు పట్టుకొచ్చాడు. ఏడుగురికీ ఒకే డాక్టరు, ఒకే పచ్చకామెర్లు, ఒకే తేదీలు. పైగా మా శాతాలు ఎంత తక్కువంటే, ఆ లెక్క సరిపోవాలంటే ఏడాదిలో సగం రోజులు మంచం మీదే ఉండాలి. అవి ఆఫీసులో ఇవ్వడానికి వెళ్తుంటే వరండాలో రత్నం మాస్టారు ఎదురయ్యారు. కాగితాలు అడిగి తీసుకుని, ఏడూ ఓపిగ్గా చదివారు.

"పచ్చకామెర్లతో ఏడాదంతా నా క్లాసులో కూర్చున్నారా? అయితే ఈపాటికి నాకూ వచ్చి ఉండాలే" అన్నారు.

ఆయన సర్టిఫికెట్లు మడిచి శ్రీను జేబులో పెట్టి, చంకలోంచి ఎర్ర పుస్తకం తీశారు. ఎడం వైపు తేదీలు, వాటి పక్కన మా ఏడుగురి పేర్లు, ప్రతి పేరు కింద గుమ్మంలో అడుగుపెట్టిన నిమిషం, పక్కన చిన్న అక్షరాల్లో కారణం. తొమ్మిదీ నలభై రెండు, పంటు. తొమ్మిదీ యాభై, పంటు. పదీ అయిదు, శ్రీను, బజ్జీలు. క్లాసు కిటికీలోంచి రేవు రోడ్డు కనిపించేది. పంటు జనంతో కలిసి పరుగెత్తుకొస్తే పంటు, రేవు దగ్గర బండి ముందు ఆగి మూతి తుడుచుకుంటూ వస్తే బజ్జీలు. నా పేరు కింద చాలా చోట్ల లేసు అని ఉంది. అదీ నిజమే. వారానికి రెండు రోజులు అమ్మ అల్లిన లేసు మూట తీసుకెళ్ళి బజారులో లేసు కొట్టులో ఇచ్చి, కొలిపించి, మళ్ళీ అల్లడానికి దారం మూట కట్టించుకుని, ఆ తర్వాత క్లాసుకి వచ్చేదాన్ని. ఎగుమతి వాళ్ళు పొద్దున్నే పోగుచేసుకుని వెళ్ళిపోయేవారు, మధ్యాహ్నం వెళ్తే తీసుకునేవారు కాదు.

ఇంత శ్రద్ధగా నిమిషాలు రాసుకున్న మనిషి, అదే చేత్తో రిజిస్టర్లో గైర్హాజరు వేశారు. నాకు ఒళ్ళు మండిపోయింది. అప్పటిదాకా ఆయన ముందు గట్టిగా మాట్లాడి ఎరగను. మేమున్నామని మీకు తెలిసి కూడా లేమని ఎలా వేశారండీ అని అడిగేశాను.

"తొమ్మిదిన్నరకి నువ్వు లేవు కదమ్మా మంగతాయారూ" అన్నారు ఆయన, అదే గొంతుతో. "లేనప్పుడు లేవని వేశాను. వచ్చాక వచ్చావని ఇందులో రాశాను. ఒక్క నిమిషాన్ని పట్టుకుని పూటంతా లేరనడం కాలేజీ వాళ్ళ తప్పు. మీరు కోర్టుకి వెళ్ళండి. నేనొచ్చి చెబుతాను."

మమ్మల్ని ముంచిన మనిషే మాకు కోర్టు దారి చూపిస్తున్నాడు. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. మరో దారి లేక ఒప్పుకున్నాం. హైదరాబాదులో ఉన్న మా ప్రాంతపు ప్లీడరు గారికి ఉత్తరం రాశాం. ఆయన ఆ పుస్తకం కోర్టులో పెడితే ఆశ ఉందన్నారు. పంటు వల్ల ఆలస్యమైన పూటల్ని హాజరుగా లెక్కించమని అడుగుదామన్నారు. సొంత పనుల మీద ఆలస్యమైన పూటలు మాత్రం వదులుకోవాలన్నారు. ఆ ఆదివారం మాస్టారి ఇంటి అరుగు మీద ఏడుగురం కూర్చుని ఎర్ర పుస్తకం ముందు పెట్టుకుని లెక్క వేశాం. అబ్బాయిలందరూ డెబ్బై అయిదు దాటేశారు. బజ్జీలు తీసేసినా శ్రీను దాటేశాడు. నేను మాత్రం ఆగిపోయాను. లేసు పూటలు గైర్హాజరుగా ఉంచితే, వరదకి పంటు ఆగి అసలు రాలేకపోయిన రోజులు కూడా వాటితో కలిపి, నాకు రెండు పూటలు తక్కువ. మూడుసార్లు వేశాను. మూడుసార్లూ రెండే.

హైదరాబాదు బయల్దేరిన సాయంత్రం నరసాపురం స్టేషన్లో రైలు ఖాళీగా నిలబడి ఉంది. అది అక్కడి నుంచే బయల్దేరేది కాబట్టి గంట ముందే పెట్టెలు తెరిచేవారు. అబ్బాయిలు లోపల సీట్లు పట్టుకుంటుంటే నేను ప్లాట్‌ఫారం మీద మాస్టారి పక్కన నిలబడ్డాను. నాన్న ఏమన్నారో చెప్పాను, అమ్మ కళ్ళ సంగతి చెప్పాను. రెండు పూటల దగ్గర లేసు అన్న మాట కొట్టేసి పంటు అని రాస్తే చాలని, ఆ రెండక్షరాలు ఎవరికీ తెలియవని బతిమాలాను. జీవితంలో అంతగా ఎవర్నీ బతిమాలింది లేదు. ఆయన చంకలో ఉన్న పుస్తకాన్ని సరిచేసుకున్నారు.

"ఈ పుస్తకంలో నేను ఒక్క చోట మార్చినా మిగతా ఆరుగురికి కూడా ఇది పనికిరాదమ్మా. రాసింది రాసినట్టు ఉంది కాబట్టే దీన్ని నమ్ముతారు" అన్నారు.

అది అబద్ధం కాదు. అందుకే ఇంకా మంట. అబద్ధమైతే పోట్లాడి ఉండేదాన్ని. పోనీ ఆ రోజుల్లో నిజంగా లేసు కొట్టుకే వెళ్ళానా అని నన్ను నేను ప్రశ్నించుకున్నానా అంటే అదీ లేదు. ఏ తేదీన కొట్టుకి వెళ్ళానో, ఏ తేదీన వెళ్ళలేదో నాకెక్కడ గుర్తు? మాస్టారి పుస్తకంలో ఉందంటే అదే నిజమై ఉంటుందనుకున్నాను. నాకే కాదు, ఆయన్ని ఎరిగిన వాళ్ళెవరికీ ఆ విషయంలో అనుమానం వచ్చేది కాదు.

హైదరాబాదులో ప్లీడరు గారి గది ఇరుకు. ఆయన మాస్టారి పేర అఫిడవిట్ తయారుచేసి ఉంచారు. అందులో ఈ విద్యార్థులు క్రమం తప్పకుండా, వేళకు తరగతులకు హాజరయ్యారని రాశారు. మాస్టారు కళ్ళజోడు సర్దుకుని చదివి, కలం మూత పెట్టేశారు. వేళకి రాలేదండి అన్నారు. ప్లీడరు గారు ఇలాంటి వాటిల్లో అలాగే రాస్తామండి అన్నారు. అయితే మీరు సంతకం పెట్టండి అన్నారు ఈయన. పదిన్నరకి కేసు పిలుస్తారు, గోడ గడియారంలో పది అవుతోంది, టైపు చేసే అతను కూర్చుని మా మొహాలు చూస్తున్నాడు.

"మాస్టారూ, అసలు మీరెవరి వైపండీ?" అన్నారు ప్లీడరు గారు, ఓపిక చచ్చిపోయి.

"మీరు నాకు తెలిసింది రాయమన్నారు కదండీ. నాకు తెలిసింది, వీళ్ళు రోజూ ఆలస్యంగా వచ్చారని, వచ్చాక ఎక్కడికీ పోలేదని."

మళ్ళీ టైపు చేయించారు. నోటరీ దగ్గరికి పరుగెత్తాం. కోర్టు మెట్ల మీద శ్రీను చెప్పు తెగితే ఒంటి చెప్పుతోనే వచ్చాడు. అంతా చేసి లోపల మా కేసు పది నిమిషాల్లో అయిపోయింది. జడ్జీ గారు ఎర్ర పుస్తకం తెప్పించుకుని పేజీలు తిప్పారు, ఒక చోట ఆగి, ఈ బజ్జీలేంటని అడిగారు. ప్లీడరు గారు లేచి చెబితే హాలంతా నవ్వింది. మాస్టారు నవ్వలేదు. మమ్మల్ని పరీక్షలు రాయనివ్వమని, తుది తీర్పు వచ్చేదాకా ఫలితాలు ఆపమని ఆదేశించారు. మేము గెలిచామనుకుని తిరుగు రైల్లో పాటలు పాడుకుంటూ వచ్చాం. నేను కూడా పాడాను. ఇంత చూశాక జడ్జీ గారు రెండు పూటలు పట్టించుకుంటారా అనుకున్నాను.

పట్టించుకున్నారు. నాలుగు నెలల తర్వాత తీర్పు వచ్చింది. ఈలోగా తోటివాళ్ళందరూ ఎమ్మెస్సీలకీ బీఎడ్‌లకీ వెళ్ళిపోయారు, మా ఏడుగురి మార్కులు ఎక్కడో బీరువాలో ఉండిపోయాయి. రేపు, వచ్చే వారం, సెలవుల తర్వాత అంటూ వాయిదాల మీద వాయిదాలు. ప్రతి వాయిదాకీ ఇంట్లో నాన్న మొహం చూడాలంటే నాకు భయంగా ఉండేది. చివరికి కోర్టు ఏమందంటే, ఒక్క పీరియడుని పట్టుకుని పూటంతా లేరనడం చెల్లదు, పంటు వల్ల ఆలస్యమైన పూటల్ని లెక్చరర్ పుస్తకం ప్రకారం హాజరుగా లెక్కించండి, మిగతావి ఉన్నవి ఉన్నట్టే, డెబ్బై అయిదు దాటినవాళ్ళ ఫలితాలు ఇవ్వండి అంది. ఆరుగురూ దాటారు. నేను రెండు పూటల దగ్గర ఆగిపోయాను. నేను రాసిన పరీక్ష రాయనట్టే లెక్క. సడలింపు అడుగుదామంటే దానికి రోగం ఉండాలి. నా ఖర్మకి ఆ ఏడాది నాకు జలుబు కూడా చెయ్యలేదు. అసలు జబ్బు అని చెప్పడానికి కూడా లేదు, నేను పదింటికి లేసు మూటతో క్లాసులో అడుగుపెట్టినట్టు హైకోర్టు కాగితాల్లోనే ఉంది.

అమ్మకి ఈ శాతాలూ తీర్పులూ అర్థం కాలేదు గానీ ఒక్క మాట అర్థమైంది. కూతురి చదువు ఆగింది లేసు వల్ల. కోర్టు కాగితంలో కూడా అదే ఉంది. ఆమె ఏడవలేదు. మర్నాడు పొద్దున్నే మూట తనే చంకన పెట్టుకుని రేవుకి బయల్దేరింది. ఆ మూట నన్ను ముట్టుకోనివ్వలేదు. నన్ను చదువు మాన్పిస్తానన్న నాన్నతో, జీవితంలో మొదటిసారేమో, ఎదురు మాట్లాడింది. తన మూలాన పోయిన ఏడాదిని తనే తిరిగి ఇస్తానంది. మసక కళ్ళతో వారానికి రెండుసార్లు పంటు ఎక్కడం, దిగడం, బజారంతా నడిచి కొట్టుకి వెళ్ళి రావడం. ఏడాది పాటు అలా తిరిగింది. నేను మళ్ళీ అదే మూడో సంవత్సరంలో, నాకన్నా చిన్న పిల్లల మధ్య, అదే బెంచీలో కూర్చున్నాను. ఈసారి పంటు ఆలస్యాన్ని కోర్టు చెప్పినట్టు హాజరుగానే వేశారు. రత్నం మాస్టారితో అవసరానికి మించి ఒక్క మాట మాట్లాడలేదు.

కాలేజీ వాళ్ళు ఆయన్నీ వదల్లేదు. కాలేజీ పద్ధతిని కోర్టులో బయటపెట్టినందుకు మెమో ఇచ్చారు, ఇంక్రిమెంటు ఆపారు. ఆయన ఆ మెమోకి జవాబిస్తూ అందులో తేదీ తప్పు పడిందని రాసి పంపారని విన్నాను. నాకు ఆశ్చర్యం కలగలేదు. ఊరుకోకుండా ఆయన ఆ ఏడాదంతా మరో పని పెట్టుకున్నారు. మొదటి గంట తొమ్మిదిన్నరకి కాదు, పది గంటలకి కొట్టాలని ప్రిన్సిపాల్‌కి అర్జీ మీద అర్జీ పెట్టారు. రుజువేదని ప్రిన్సిపాల్ అడిగితే, పంటు కాంట్రాక్టరు షెడ్డులో ప్రతి ట్రిప్పు వేళా రాసే పుస్తకం ఉంటుందని తెలుసుకుని, సెలవు రోజుల్లో అక్కడ స్టూలు వేసుకుని కూర్చుని రెండేళ్ళ వేళలు ఎత్తి రాసుకున్నారు. రేవులో వాళ్ళు ఆయన్ని పోలీసు మనిషి అనుకున్నారట.

రెండోసారి పరీక్షలకి మూడు వారాలుందనగా ఒక మధ్యాహ్నం ఆయన మా ఇంటికి వచ్చారు. ఎప్పుడూ నది దాటి మా వైపు రాని మనిషి. చెమటతో చొక్కా ఒంటికి అంటుకుపోయింది. నాన్న పొలంలో ఉన్నారు, అమ్మ లోపల లేసు అల్లుతోంది. నేను అరుగు మీద కుర్చీ వేసి, మంచినీళ్ళిచ్చి, దూరంగా నిలబడ్డాను. ఆయన నీళ్ళు తాగి, సంచీలోంచి ఎర్ర పుస్తకమూ, రేవులో ఎత్తి రాసుకున్న పంటు వేళల కాగితాల కట్టా తీసి ఒళ్ళో పెట్టుకున్నారు.

"మూడు పూటలమ్మా. నీ పేరు కింద నేను లేసు అని రాసిన వాటిలో మూడు పూటలు పంటు చేరడమే పదింటికి చేరింది" అన్నారు.

నాకు వెంటనే అర్థం కాలేదు. ఆయన తేదీలు చూపించారు. ఆ మూడు పూటలూ మంచు విడిచేదాకా పంటు అవతలే ఆగిపోయింది. దిగగానే అబ్బాయిలు పరుగెత్తారు. నేను మూటతో వెనకబడి నడిచొచ్చాను, కొట్టుకి వెళ్ళే వేళ దాటిపోయిందని నేరుగా క్లాసుకే వచ్చాను. వాళ్ళు వచ్చిన పది నిమిషాలకి గుమ్మంలో నేను, నా చంకలో మూట. ఆయన మూట చూసి లేసు అని రాశారు. కొట్టుకి వెళ్ళడం ఆయన చూడలేదు. వెళ్ళి ఉంటానని అనుకున్నారు, అంతే. నాకు కావలసినవి రెండు పూటలు. ఆయన దగ్గర మూడున్నాయి, ఏడాది ఆలస్యంగా. యూనివర్సిటీకీ, ప్లీడరు గారికీ అప్పటికే రాశారట. ఎలాగూ మళ్ళీ పరీక్ష రాస్తోంది కాబట్టి ఇక చేసేదేమీ లేదని జవాబొచ్చిందట.

ఆ తర్వాత నేనేమన్నానో అన్నీ ఇప్పుడు రాయలేను. ప్లాట్‌ఫారం మీద నన్ను నిలబెట్టి రాసింది మార్చనన్నారు కదా అన్నాను. వేళకి రాలేదని కోర్టు మెట్ల మీద మమ్మల్ని పరుగెత్తించారు కదా అన్నాను. అందరి తప్పులూ నిమిషాలతో సహా రాసే మనిషి తన కంటితో చూడనిది చూసినట్టు ఎలా రాశారని అడిగాను. ఈ సంగతి మీరు నాకు చెప్పకుండా ఉంటే నా బతుకు నేను బతికేదాన్ని కదా అని కూడా అన్నాను. నేను అలిసిపోయేదాకా ఆయన తలొంచుకుని విన్నారు.

"మూడేళ్ళు గుమ్మంలో నిలబడ్డావు. ఎందుకాలస్యమైందని నిన్ను ఒక్కసారీ అడగలేదమ్మా. నాకు తెలుసు అనుకున్నాను" అన్నారు. ఆ గొంతు అంతకు ముందు నేను విన్నది కాదు.

వెనక అలికిడైతే తిరిగి చూశాను. అమ్మ గడప మీద నిలబడి ఉంది. ఎప్పుడు వచ్చిందో తెలియదు. చేతిలో సగం అల్లిన లేసు వేలాడుతోంది.

"అయితే నా వల్ల కాదన్నమాటండి" అంది అమ్మ.

ఆయన లేచి నిలబడ్డారు. మా అమ్మకి, ఎప్పుడూ ఎవరూ లేచి నిలబడని మా అమ్మకి, రెండు చేతులూ జోడించి, కాదమ్మా, నా వల్ల అన్నారు. అమ్మ సరేనన్నట్టు తలూపి లోపలికి వెళ్ళింది. లోపల ఆమె గట్టిగా ఏడవడం నేను, మాస్టారు ఇద్దరం విన్నాం. ఏడాది క్రితం ఏడవాల్సిన ఏడుపు అది. ఆయన ఎక్కాల్సిన పంటు వేళ దాటిపోయింది, తర్వాతి పంటుకి బస్సు వచ్చేదాకా అరుగు మీదే కూర్చున్నారు. 

నేను పరీక్ష పాసయ్యాను, బీఎడ్ చేశాను, ఆ పైన ఎమ్మెస్సీ చదివి ఇలా లెక్కలు చెబుతున్నాను. మాస్టారు పోయి చాలా ఏళ్ళయింది. ఆయన్ని క్షమించావా అని శ్రీను అడుగుతుంటాడు. ఏమో, నాకు తెలియదు. తలుచుకుంటే ఇప్పటికీ విసుగే ముందొస్తుంది. తప్పు దాచుకోవడం ఎంత తేలికో నాకు తెలుసు, ఆ తప్పు ఎవరికీ తెలిసే అవకాశమే లేదని కూడా తెలుసు. ఆ ఎండలో నది దాటి వచ్చి మా అమ్మ ముందు నిలబడగలిగే మనిషిని ఆయన తర్వాత నేను ఇంకొకర్ని చూడలేదు. అదే ఆయనతో వచ్చిన చిక్కు, పూర్తిగా కోపంగా కూడా ఉండనివ్వరు. మా క్లాసులో ఆలస్యంగా వచ్చిన ప్రతి పిల్లనీ, పిల్లాణ్ణీ గుమ్మంలోనే ఆపి ఎందుకాలస్యమైందని అడుగుతాను. వాళ్ళు చెప్పేవాటిలో సగం అబద్ధాలని నాకు తెలుసు. టైరు పంక్చర్లు, నానమ్మల జ్వరాలు, రాని బస్సులు. నిజమే చెబుతున్నానంటూ కళ్ళలోకి చూసి మరీ చెబుతారు. పాఠం ఆగుతుంది, వెనక బెంచీలు నవ్వుతాయి, నాకు చిరాకేస్తుంది. అయినా అడుగుతాను. వాళ్ళ నోటితో వాళ్ళు చెప్పేదాకా వాళ్ళ పేరు పక్కన ఒక్క అక్షరం పెట్టలేను.